నీళ్ల సారూ, నీళ్లలో కోతులూ

నీళ్ల సారు పోయాడని సరోజక్క ఫోన్ చేసినప్పుడు నేను బడిలో మూడో తరగతి పిల్లలతో ఎక్కాలు చెప్పిస్తున్నాను. సరోజక్కది మా ఎదురిల్లు. ఏ వార్తనైనా ఏడుపుతో మొదలుపెట్టి నవ్వుతో ముగించడం ఆమెకు అలవాటు. ఆ రోజూ అంతే. "పాపం, మన సార్ పోయిండు టీచరమ్మా," అని ముక్కు చీది, "ఇగ మనల్ని కోతులనేటోడు లేడు," అంది.

నాకు నవ్వొచ్చింది. పిల్లలు చూస్తున్నారని బోర్డు వైపు తిరిగి, రాయడానికేమీ లేకపోయినా సుద్దముక్క చేతిలోకి తీసుకున్నాను. చనిపోయిన మనిషిని తలుచుకుని నవ్వడం తప్పే. కానీ ఆయన్ని నవ్వకుండా తలుచుకోవడం మా గల్లీలో ఎవరివల్లా కాదు.

ఆయనకు ఇంటిపేరుతో సహా నిండైన పేరు ఒకటి ఉండేది. ఆదివారం చర్చిలో తప్ప బీదర్‌లో ఎవరూ దాన్ని పలకగా నేను వినలేదు. హైస్కూల్లో బొమ్మలు గీయడం నేర్పి రిటైరయ్యాడు కాబట్టి మొదట్లో డ్రాయింగ్ సారు. ఇంటి ముందు బోరు వేయించి, అందులో నీళ్లు పడ్డాక నీళ్ల సారు. నీళ్లు ఇస్తాడని మేం అలా పిలిచాం. నీళ్ల సంగతులన్నీ తెలిసినవాడని పిలుస్తున్నామని ఆయన అనుకున్నాడు. ఆ పొరపాటును సరిదిద్దే ధైర్యం బిందె పట్టుకుని నిలబడ్డవాళ్లకు ఎక్కణ్నుంచి వస్తుంది?

సారు చెప్పే సంగతి ఇది. మనిషి పూర్వీకులు చెట్టు దిగి నేరుగా గడ్డి మైదానాల్లోకి నడిచిపోలేదు. నీళ్లలోకి దిగారు. ఏటి ఒడ్డున, సరస్సుల్లో, సముద్రం అంచున నడుము లోతున నిలబడి గుల్లలూ చేపలూ ఏరుకుని తింటూ లక్షల ఏళ్లు బతికారు. నాలుగు కాళ్ల మీద ఉంటే ముక్కు మునుగుతుంది కాబట్టి రెండు కాళ్ల మీద లేచి నిలబడ్డారు. తడిసిన బొచ్చు బరువు కాబట్టి దాన్ని వదిలించుకున్నారు. చలి తగలకుండా తోలు కింద కొవ్వు చేర్చుకున్నారు. మునిగినప్పుడు ఊపిరి బిగబట్టడం నేర్చుకున్నారు, ఆ పట్టు దొరికాక మాట నేర్చుకున్నారు. ఆ తరువాత ఒడ్డెక్కి మనమయ్యారు.

ఇది సారు సొంతంగా పుట్టించినదేమీ కాదు. లోకంలో ఇలా చెప్పినవాళ్లు ఉన్నారట. చదువుకున్నవాళ్లలో ఎక్కువమంది దీన్ని ఒప్పుకోరట. డిగ్రీలో జంతుశాస్త్రం చదువుతున్న మా అమ్మాయి ఒకసారి ఆయన ముఖం మీదే అనేసింది: "నీళ్లల్ల బతికినట్టు గుర్తులు ఎముకల్ల ఏం దొరకలే సార్. ఎట్ల నమ్మాలె?"

సారు ఆమెను జాలిగా చూశాడు. "నీళ్లల్ల ఎముకలు ఆగుతయా బిడ్డా? కొట్టుకపోతయి."

అలా, ఆధారం దొరక్కపోవడమే ఆయనకు అన్నిటికన్నా పెద్ద ఆధారమైంది.

ఈ జ్ఞానమంతా ఆయనకు ఒకే ఒక్క కాగితం నుంచి వచ్చింది. ఎప్పటిదో ఒక ఇంగ్లీషు పత్రికలోని పేజీ. దానికి ప్లాస్టిక్ తొడుగు వేయించి మోటారు గదిలో స్విచ్చి పక్కనే గోడకు కొట్టాడు. వచ్చినవాళ్లంతా చదవాలని ఆయన కోరిక. మా అమ్మాయి చదివింది. పేజీ మొత్తం నీటి కోతుల మీద వాదనే. చివరి వరుసలో చివరి మాట మాత్రం "హౌఎవర్". అంటే "అయితే". అక్కడితో పేజీ అయిపోయింది. ఆ "అయితే" తరువాత ఏముందో, రాసినాయన ఎన్ని సందేహాలు పెట్టాడో చెప్పే రెండో పేజీ సారు దగ్గర లేదు.

"మిగిలింది యాడుంది సార్?" అని మా అమ్మాయి అడిగింది.

"మిగిలింది నేను పూర్తి చేసిన," అన్నాడు సారు.

ఎండాకాలంలో మా గల్లీ బోర్లన్నీ గాలి కక్కేవి. సారు బోరు ఒక్కటే ఆగకుండా పోసేది. ఆయన ఎవరి దగ్గరా పైసా తీసుకోలేదు. నీళ్లు అమ్ముకోవడం పాపమనేవాడు. మా దగ్గర తీసుకున్నది చెవులు. పొద్దున్నే బిందెలతో వరసగా నిలబడేవాళ్లం. మోటారు గది గుమ్మంలో ప్లాస్టిక్ కుర్చీ వేసుకుని, ఇస్త్రీ చేసిన సఫారీ సూటులో, ఒక చెయ్యి స్విచ్చి మీద పెట్టుకుని కూర్చునేవాడు. మొదటి బిందె పైపు కిందికి రాగానే మొదటి కోతి నీళ్లలో దిగేది. వరసలో ఎవరైనా గుసగుసలాడితే స్విచ్చి నొక్కేవాడు. నీళ్లు ఆగిపోయేవి.

"అయిపోయినయా మీ ముచ్చట్లు? నేను చెప్పాల్నా, బంద్ చెయ్యాల్నా?"

"చెప్పున్రి సార్," అనేది సరోజక్క. "మా చెవులు గూడ బిందెలే అనుకోన్రి. నిండేదాక పొయ్యున్రి."

అది పొగడ్త అనుకుని సారు మళ్లీ స్విచ్చి వేసేవాడు.

పాస్టరు గారి ఇంట్లో బోరు కూడా ఎండిపోయేది. ఆయన పెద్ద క్యాను పట్టుకుని వరసలో నిలబడి, కోతుల కథ మొదలవగానే కళ్లు మూసుకునేవాడు. ఒకరోజు సారు మధ్యలో ఆపి, "అయ్యగారూ, నిద్రొస్తాందా?" అన్నాడు.

"లేదు. ప్రార్థన చేస్తున్న."

"దేనికి?"

"వాన కోసం," అన్నాడు పాస్టరు గారు, కళ్లు తెరవకుండానే.

సారుకు మనుషుల ముఖంలో కనిపించేది ముక్కొక్కటే. కోతి ముక్కు రంధ్రాలు ముందుకు తెరిచి ఉంటాయి, మునిగితే నీళ్లు నేరుగా లోపలికి పోతాయి. మన రంధ్రాలు కిందికి ఉంటాయి, మనం నీళ్ల కోసం తయారైనవాళ్లం అనడానికి అంతకన్నా రుజువు అక్కర్లేదని ఆయన అనేవాడు. ఎవరు ఎదురైనా యోగక్షేమాల కన్నా ముందు తల కాస్త వంచి, కిందినుంచి ముక్కు చూసేవాడు. కొత్తవాళ్లు ఉలిక్కిపడి చేత్తో ముక్కు తుడుచుకునేవారు.

సరోజక్క తమ్ముడి బిడ్డకు చిట్గుప్ప నుంచి సంబంధం వచ్చింది. పెళ్లిచూపులకు సారును పిలవలేదు. కానీ ఎదురుగా కుర్చీలు వేస్తుంటే గల్లీ పెద్దగా తనంతట తానే వచ్చి కూర్చున్నాడు. పిల్ల టీ కప్పులు తెచ్చింది. సారు తల వంచి చూసి, వరుడి తండ్రితో నిండు మనసుతో అన్నాడు: "కండ్లు మూసుకొని చేసుకోన్రి. మంచి నీళ్ల ముక్కు."

వరుడి తండ్రి టీ కప్పు కింద పెట్టాడు. కాసేపటికి ఆయన భార్య సరోజక్కను లోపలికి పిలిచి, "పిల్లకు జలుబు ఎప్పటికీ ఉంటదా?" అని అడిగింది. ఎంత చెప్పినా ఆమె అనుమానం తీరలేదు. చివరికి ఆ పిల్లను వాళ్ల మధ్యన చాలాసేపు కూర్చోబెట్టి, ఒక్క తుమ్మైనా తుమ్ముతుందేమోనని అందరూ కాచుకున్నారు. పాపం ఆ పిల్ల ఊపిరి కూడా గట్టిగా తీయలేదు. సంబంధం కుదిరింది. "ఊపిరి బిగబట్టింది చూసినవా?" అన్నాడు సారు, బయటికి వచ్చాక నాతో. "ఎవరు నేర్పిన్రు ఆ పిల్లకు? పుట్టుకతోని వచ్చింది."

ఒక వేసవి సెలవుల్లో మోటారు గది బయటి గోడ మీద పెద్ద బొమ్మ వేశాడు. చెయ్యి మాత్రం మంచిదని ఒప్పుకోవాలి. ఎడమ చివర మెడ లోతు నీళ్లలో బొచ్చు కోతి. తరువాతిది ఛాతీ లోతున. ఆ తరువాత నడుము లోతున, మోకాలి లోతున. ఒక్కో అడుగుకు బొచ్చు తగ్గుతూ, వీపు నిటారవుతూ వచ్చింది. కుడి చివర పొడి నేల మీద మనిషి. ఆ మనిషికి కళ్లద్దాలున్నాయి. సఫారీ సూటుంది.

రంగులు ఆరిన రోజు మమ్మల్నందరినీ పిలిచి చూపించాడు. అందరం బాగుందన్నాం. సరోజక్క మాత్రం అటునుంచి ఇటు, ఇటునుంచి అటు నడిచి చూసింది. "సార్, అందరు మొగోళ్లే ఉన్నరు. ఆడోళ్లు యాడున్నరు?"

సారు బొమ్మ వైపు చాలాసేపు చూశాడు. వారం తిరక్కుండానే గోడ మీద ఒక ఆడకోతి వెలిసింది. అందరికన్నా వెనకాల, చంకలో బిందెతో.

"కోతి పుట్టుక పుట్టినా మనకు నీళ్లు మోసుడు తప్పలే," అంది సరోజక్క. సారు కూడా నవ్వాడు. ఆ మాట తన మీద కాదనే అనుకున్నాడు.

ఆయన్ని నేను ఎక్కువగా తలుచుకునేది ఝరణి గుహ దగ్గర చూసిన రూపంలో. సరోజక్కకు నరసింహస్వామి మొక్కు ఉంది. తోడు రమ్మంటే నేను వెళ్లాను. ఆటో కదిలే వేళకు సారు గొడుగుతో వచ్చి డ్రైవరు పక్కన ఇరుక్కున్నాడు. "నాకు అక్కడ పరిశీలన ఉంది," అన్నాడు. ఆ గుహలో స్వామి దగ్గరికి ఛాతీ లోతు నీళ్లలో నడిచి పోవాలి. పిల్లల్ని భుజాల మీద ఎక్కించుకుని, చేతులు పైకెత్తి జనం వరసగా పోతుంటారు. సారుకు అది దేవుడి గుహ కాదు, ఆయన గోడ మీది బొమ్మకు ప్రాణం వచ్చిన చోటు.

"చూసినవా టీచరమ్మా! ఒక్కరన్న నాలుగు కాళ్ల మీద పోతున్నరా?"

"మీరు గూడ దిగున్రి సార్," అంది సరోజక్క.

సారు ప్యాంటు మడతలు చూసుకున్నాడు. "పరిశీలించెటోడు ఒడ్డు మీద ఉండాలె."

మేం దిగాం. చీకట్లో గబ్బిలాలు, చల్లటి నీళ్లు, ముందూ వెనకా జనం. నా ముందు నడుస్తున్న ముసలామె భయంతో నా చెయ్యి పట్టుకుని చివరిదాకా వదల్లేదు. దర్శనం చేసుకుని తడిబట్టలతో బయటికి వచ్చేసరికి సారు గోడకు ఆనుకుని నిలబడి ఉన్నాడు. ఆయన చుట్టూ నేల కనపడనన్ని చెప్పులు. కళ్లద్దాలు, సఫారీ సూటు, గొడుగు చూసి ఆయన్ని చెప్పులు చూసుకునే మనిషి అనుకుని జనం విడిచిపోయారు. ఆయన ప్రతి జతవాళ్లకూ కన్నడంలో, తెలుగులో, దక్కనీ ఉర్దూలో కోతుల కథ చెప్పాడు. వాళ్లూ తలలూపారు, తిరిగొచ్చేదాకా చెప్పులు భద్రంగా ఉండాలని. ఒకాయన వెళ్తూ సారు చేతిలో కొబ్బరి ముక్క పెట్టాడు.

ఆటోలో ఆ ముక్క కొరుకుతూ సారు అన్నాడు: "ఇయ్యాల ఎంతమంది విన్నరో చూసిన్రా?"

ఇంతలో మా గల్లీకంతటికీ కలిపి ఒక మున్సిపాలిటీ నల్లా వచ్చింది. కొత్త పైపులు వేశారు, రోజు విడిచి రోజు నీళ్లు వస్తాయన్నారు, నిజంగానే వచ్చాయి. మొదటి రోజు ఆడవాళ్లందరం నల్లా దగ్గర నిలబడి మాట్లాడుకున్నాం. నీళ్లు పడుతూ మాట్లాడుకోవచ్చన్న సంగతే మరిచిపోయాం కాబట్టి అవసరానికి మించి మాట్లాడుకున్నాం.

సారు ఒక్కడే ఆ నీళ్లు ఇంటికి రానివ్వలేదు. పైగా మున్సిపాలిటీ ఆఫీసుకు పోయి, మందు కలిపిన నీళ్లు మనిషి ఒంటికి పడవని, మన శరీరం స్వచ్ఛమైన ఏటి నీళ్లకు అలవాటైనదని అభ్యంతరం చెప్పాడు. తన గోడ బొమ్మను చిన్నగా గీసి పట్టుకుపోయి బల్ల మీద పరిచాడట. అక్కడి గుమస్తా దాన్ని మర్యాదగా చూసి, మెడ లోతున ఉన్నదాని మీద వేలు పెట్టి, "ఇదు యావ కోతి సార్?" అని, ఇది ఏ జాతి కోతి అని కన్నడంలో అడిగాడట. తరువాత కుడి చివర కళ్లద్దాల మనిషిని చూసి, సారును చూసి, మరేమీ అడగలేదట. ఇదంతా సారే మాకు చెప్పాడు, గుమస్తాకు సంగతి బోధపడిందన్న సంతోషంతో.

ఇక ఆయన బోరు దగ్గరికి ఎవరూ పోలేదు. అయినా పొద్దున్నే మోటారు వేసేవాడు. సఫారీ సూటు వేసుకుని కుర్చీలో కూర్చునేవాడు. నీళ్లు పైపులోంచి అరుగు మీద పడి, గల్లీ మురుగు మోరీలో కలిసి పోయేవి. దారిన పోయేవాళ్లను పట్టుకునేవాడు. పాతసామాన్లు కొనే ఆయన బండిని సారు ఆపి, "అరే భాయ్, హమ్ సబ్ పానీ కే జాన్వర్ హై," అని, మనమంతా నీటి జంతువులమని మొదలుపెడితే, బండాయన "జీ సాబ్, ఇనుప సామాన్ ఉందా?" అన్నాడు. గ్యాస్ సిలిండర్ తెచ్చే మనిషి దాన్ని గేటు బయటే దించి పారిపోయేవాడు. మా అమ్మాయి ఒకసారి, "సార్, నీళ్లు బేకార్ పోతున్నయి," అంది.

"వినేటోళ్లు లేకుంటే బేకారే పోతయి," అన్నాడు సారు.

ఆయన మాటల గురించే అన్నాడని నాకు ఇంటికొచ్చాక తట్టింది.

ఆ ఎండాకాలం సారు బోరు ఎండిపోయింది. మోటారు కాసేపు గరగరమని, బురద కక్కి ఆగిపోయింది. రెండు రోజులు ఆ ఇంటి తలుపు తెరుచుకోలేదు. మూడో రోజు నల్లా దగ్గరికి సారు భార్య బిందెతో వచ్చింది.

ఆమెను మేం అక్కా అని పిలిచేవాళ్లం, ఎప్పుడైనా కనపడితే. ఇన్నేళ్లలో ఆమె మాకు వంటింట్లోంచి వినిపించే గాజుల చప్పుడు మాత్రమే. ఆడవాళ్లందరం పక్కకు జరిగి ఆమె బిందె ముందు పెట్టించాం.

"ఈడ పడుతున్నవని సార్‌కు ఎరికేనా అక్కా?" అంది సరోజక్క.

"తాగుతుండు గదా. ఎరిక లేకుంటనా," అంది ఆమె. "రుచి లేవంటడు. జర ఉప్పేసుకోన్రి, సముద్రమైతది అని చెప్పిన."

ఒక్క క్షణం మాకు అర్థం కాలేదు. ఆ తరువాత గల్లీ అంతా వినపడేలా నవ్వాం. ఆమె నవ్వలేదు, బిందె ఎత్తుకుని పోయింది. తరువాతి విడత నీళ్లకు అందరికన్నా ముందు వచ్చింది. ఆమెకు హుల్సూరులో ఒక అక్క ఉందని, ఎవరి నడకైనా తాను అచ్చం నడిచి చూపించగలదని, తనకు టీలో ఏలకులంటే గిట్టదని మాకు అప్పుడే తెలిసింది. బిందె నిండాక కూడా చాలాసేపు నిలబడేది.

సారు గుండె బలహీనపడింది. ఊపిరితిత్తుల్లో నీరు చేరింది, కాళ్లు వాచాయి. తాగే నీళ్లు తగ్గించమన్నాడు డాక్టరు. రోజంతటికీ ఇంతేనని గీత పెట్టాడు. పలకరించడానికి వెళ్లిన నాకు సారు తన కాలు చూపించాడు. బొటనవేలితో పిక్క మీద నొక్కి తీశాడు. అక్కడ గుంట పడి అలాగే ఉండిపోయింది.

"చూసినవా టీచరమ్మా? ఒళ్లు వెనుకకు పోతాంది. నీళ్లకు."

"డాక్టరేమన్నడు సార్?"

"చిన్న పిలగాడు. గుండె జబ్బంటుండు."

ఆ తరువాత ఒక మధ్యాహ్నం వెళ్లేసరికి మనిషి సగమయ్యాడు. తల కింద ఎత్తుగా దిండ్లు. మంచం పక్కన స్టూలు మీద గ్లాసులో కొద్దిగా నీళ్లు. సాయంత్రం దాకా అవే. ఆయన వాటిని తాగడంలేదు, చూస్తున్నాడు. నేను కూర్చోగానే మొదలుపెట్టాడు. మెడ లోతు కోతి, ఛాతీ లోతు కోతి. నడుము లోతుకు వచ్చేసరికి ఊపిరి అందలేదు, ఆగాడు. నా చేతిలో బిందె లేదు. లేచి వచ్చేయొచ్చు. ఎందుకో అడగాలనిపించింది.

"సార్, నీళ్లల్ల అంత మంచిగ ఉంటే, మరి బయటికెందుకొచ్చినం?"

ఇన్నేళ్లలో ఆయన్ని ఆ కోతుల గురించి మేం ఆడవాళ్లం నిజంగా తెలుసుకోవాలని ప్రశ్న అడిగింది లేదు. అడిగితే పాఠం పొడుగవుతుంది, ఎండ ఎక్కుతుంది. సారు నా వైపు చూసిన చూపు నేను బడిలో ఎప్పుడో ఒకసారి చూస్తాను, వెనక బెంచీ పిల్లను మొదటిసారి పేరు పెట్టి పిలిచినప్పుడు. మోచేతుల మీద లేవబోయాడు. భార్య వంటింట్లోంచి వచ్చి దిండు సర్దింది.

"మంచి ప్రశ్న," అన్నాడు. ఊపిరి కూడదీసుకున్నాడు. "మాట్లాడనీకి వచ్చినం టీచరమ్మా. నీళ్లల్ల నోరు తెరిస్తే నీళ్లే పోతయి లోపలికి. ఎవడు ఏం చెప్తడు? ఎవడు ఇంటడు? గందుకే ఒడ్డెక్కినం."

మొదటిసారి ఆయన మాటకు నా దగ్గర వెక్కిరింపు లేకపోయింది.

దిండు సర్దిన చేత్తోనే నడుము పట్టుకుని, అక్క అంది: "గందుకే చేపల పెండ్లాలు సుఖంగ ఉంటరు."

నేను భయపడి సారు వైపు చూశాను. ఆయన జవాబు చెప్పడానికి నోరు తెరిచాడు. ఊపిరి చాలలేదు. మూసుకున్నాడు. అక్క స్టూలు మీది గ్లాసు కిటికీలో పెట్టి, ఆ స్టూలు మంచం పక్కకు లాక్కుని కూర్చుంది. హుల్సూరు అక్క కోడలి గురించి మొదలుపెట్టింది. ఆ కోడలు అత్తను ఎట్లా నడిచి చూపిస్తుందో, అత్త కోడలిని ఎట్లా నడిచి చూపిస్తుందో, లేచి రెండు నడకలూ నడిచి చూపించింది. నేను కడుపు పట్టుకుని నవ్వాను. సారు తలగడ మీద తల తిప్పి భార్య నడకను చూస్తున్నాడు, మొదటిసారి చూస్తున్నట్టు. మధ్యలో ఒకసారి వేలెత్తాడు. నడకలో ఆయనకేదో రుజువు దొరికి ఉండాలి.

"జర ఆగున్రి," అంది అక్క. "నేను చెప్తున్న గదా."

ఆయన ఆగాడు.